పోలండ్ చర్చిల్లో "ఇది వీళ్ళ సొంత శైలి" అని చూపించగలిగేది ఏదైనా ఉందా?

చలిదేశంలో_చిన్నోడు

అందరికీ నమస్తే. నేను వ్రోత్స్వాఫ్‌లో మాస్టర్స్ చేస్తున్నాను, జూన్‌లో అమ్మానాన్న వస్తున్నారు. నాన్న రిటైరైన సివిల్ కాంట్రాక్టర్, ఎవరింటికి భోజనానికి వెళ్ళినా ముందు స్లాబు వైపు చూసే రకం. క్రాకోవ్ తీసుకెళ్తే ప్రతి గోడ దగ్గరా ఆగి ఎప్పటిది, ఎవరు కట్టారు, దేంతో కట్టారు అని అడగడం ఖాయం, నాకేమో "చాలా పాతది నాన్నా" అనడం తప్ప ఏమీ రాదు.

నా గందరగోళం ఏంటంటే, క్రాకోవ్ పెద్ద చౌకులో ఉన్న మరియమాత చర్చి గోతిక్ (మొనదేలిన కమానుల మధ్యయుగపు శైలి) అని అందరూ అంటారు. ముందున్న చిన్న గుమ్మం మండపం మాత్రం బరోక్ (ఆ తర్వాత వచ్చిన ఆడంబరమైన శైలి) అట. లోపల గోడల మీద రంగులు పంతొమ్మిదో శతాబ్దంవి అట. మరి ఆ చర్చి వయసు ఎంతని చెప్పాలి? ఇంకోటి, ఏ కట్టడం గురించి చదివినా ఇటలీ నుంచి వచ్చిన ఆర్కిటెక్ట్, జర్మనీ నుంచి వచ్చిన శిల్పి అనే ఉంటుంది. పోలండ్ వాళ్ళది అంటూ ఒక కట్టుబడి పద్ధతి ఉందా, లేక అంతా ఇరుగుపొరుగు నుంచి తెచ్చుకున్నదేనా? తెలిసినవాళ్ళు కాస్త ఓపిగ్గా చెప్పండి. లింకులు పడేసి వెళ్ళిపోకండి ప్లీజ్.

ఇటుకబట్టీ

మీ నాన్నగారు నాకు నచ్చేశారు, ఆయనకి పనికొచ్చేలా చెప్తాను.

శైలి పేర్లు పక్కన పెట్టి ముందు గోడ దేనితో కట్టారో చూడండి. పోలండ్‌లో మొదటి చర్చిలు రాతివి. 966లో మియెష్కో రాజు బాప్తిస్మం తీసుకున్నాక రాజుగారు, బిషప్పులు, డబ్బున్న దొరలు రాతితో కట్టించారు, అదీ కొన్ని చోట్లే. క్రాకోవ్‌లో అది చూడాలంటే గ్రోద్జ్‌కా వీధిలో సెయింట్ ఆండ్రూ చర్చికి వెళ్ళండి, 1079 నుంచి 1098 మధ్య కట్టారు. తెల్లటి సున్నపురాయి, రెండు బురుజులు, కింది భాగంలో కిటికీలనే పేరే గానీ బాణం దూరేంత సందులు. దాన్ని ప్రార్థనకి ఎంత కట్టారో దాక్కోవడానికీ అంతే కట్టారు. 1241లో మంగోలులు నగరం మీద పడినప్పుడు జనం అందులోనే తలదాచుకున్నారు, అది నిలబడింది. ఇప్పుడు లోపలికి వెళ్ళి చూడండి, 1700 ప్రాంతంలో ఫొంతానా అనే ఇటాలియన్ చేసిన గార పని, బంగారం పూతలు, దేవదూతలు. బయట కోట, లోపల పెళ్ళిమండపం. మీరడిగిన మరియమాత చర్చిదీ ఇదే కథ.

పదమూడో శతాబ్దంలో ఇటుక వచ్చింది. కారణం సింపుల్. ఉత్తరాన అంతా మైదానం, కొండరాయి దొరకదు, హిమానీనదాలు వదిలేసి పోయిన బంకమట్టి మాత్రం ఎక్కడ తవ్వినా ఉంటుంది, బట్టీకి కావలసినంత అడవి ఉంది. సాందోమియెష్‌లో డొమినికన్ సన్యాసులు 1226లో మొదలుపెట్టిన సెయింట్ జేమ్స్ చర్చి పోలండ్‌లోని పాత ఇటుక చర్చిల్లో ఒకటి. ఆ తర్వాత రెండు వందల ఏళ్ళు ఇటుకే రాజ్యమేలింది. గ్దాన్స్క్‌లో మరియమాత చర్చి 1343లో మొదలుపెడితే 1502కి గానీ పూర్తవలేదు, పొడవు నూట అయిదు మీటర్లు, మొత్తం ఇటుకే. అంత ఇటుక కాల్చి, మోసి, పేర్చిన మేస్త్రీల పేర్లలో మనకి మిగిలినవి చాలా తక్కువ.

నాన్నగారిని గోడకి దగ్గరగా నిలబెట్టి ఇటుక వరస చూడమనండి. పాత గోడల్లో రెండు ఇటుకలు పొడుగు వైపు కనిపించేలా పెట్టి మూడోది మొన వైపు, అంటే పొట్టి వైపు, కనిపించేలా పెడతారు. తర్వాతి కాలపు గోడల్లో ఒకటి పొడుగు, ఒకటి మొన, మళ్ళీ పొడుగు, మళ్ళీ మొన. అక్కడక్కడా నల్లగా మెరిసే ఇటుకలు కనిపిస్తాయి, బట్టీలో మంటకి మరీ దగ్గరగా ఉండి మాడిపోయినవి. మన దగ్గరైతే వాటిని పునాదిలోకి తోసేస్తాం. వీళ్ళు ఏరి పక్కన పెట్టుకుని, మొన వైపు బయటికి వచ్చేలా పేర్చి, ఎర్ర గోడ మీద నల్లటి డైమండు గళ్ళు తీశారు. చాలా గోతిక్ గోడల మీద ఉంటుంది, ఒక్కసారి చూస్తే ఇంక కళ్ళు దాని మీదకే పోతాయి.

ఇక మరియమాత చర్చి. గోడలు, స్తంభాలు, కప్పు పద్నాలుగో శతాబ్దం గోతిక్. రెండు బురుజులు సమానంగా ఉండవు, ఒకటి ఎనభై మీటర్ల పైన, రెండోది డెబ్భైకి కాస్త తక్కువ. పొడుగుది నగరం కాపలాకి, పొట్టిది గంటలకి. అన్నదమ్ములు పోటీపడి కట్టారు, ఒకడు రెండోవాణ్ణి పొడిచాడు అని గైడ్లు చెప్పేది కథ, వినడానికి బాగుంటుంది, వినండి. లోపల విత్ స్త్వోష్ అనే శిల్పి చెక్కిన పూజాపీఠం 1477 నుంచి 1489 వరకు పన్నెండేళ్ళ పని, బొమ్మలు లిండెన్ కొయ్యతో చేసినవి, పెద్దవి మనిషి కంటే ఎత్తు. ఆ శిల్పి నూరెంబర్గ్ నుంచి వచ్చాడు, నిజమే. రెండో ప్రపంచయుద్ధంలో నాజీలు దాన్ని ఊడదీసి నూరెంబర్గ్‌కే పట్టుకుపోయారు, 1946లో వెనక్కి వచ్చింది. గుమ్మం మండపం 1750ల నాటిది. గోడల మీద రంగులు 1889లో మాతేయ్‌కో అనే చిత్రకారుడు మొదలుపెట్టినవి, ఆయన శిష్యులు, తర్వాత పెద్ద పేరు తెచ్చుకున్న విస్ప్యాన్‌స్కీ, మేహోఫెర్ కూడా నిచ్చెనలెక్కి పనిచేశారు. కాబట్టి వయసెంత అని ఒక అంకె అడక్కండి. గోడకో వయసు, గుమ్మానికో వయసు.

మేడమీద_మౌళి

ఇంత రాశారు గానీ అసలు ప్రశ్నకి సమాధానం ఏది? "పోలిష్ శైలి" అనేది లేదు, అంతే. గోతిక్ జర్మన్ వ్యాపారులతో, సన్యాసులతో వచ్చింది. మాల్బోర్క్ కోట ట్యూటోనిక్ అనే జర్మన్ సన్యాసి సైనికులది. గోతిక్ తర్వాతి రినైసాన్స్ శైలి కావాల్సివస్తే ఇటలీలోని ఫ్లోరెన్స్ నుంచి మనుషుల్ని దింపుకున్నారు. క్రాకోవ్‌లో వావెల్ కొండ మీద కెథెడ్రల్‌లో బంగారు గుమ్మటం ఉన్న జిగ్మూంత్ రాజు సమాధి మందిరం చూడండి, 1519లో మొదలుపెట్టి 1533 కల్లా పూర్తిచేసింది బర్తలోమియో బెర్రెచ్చి అనే ఇటాలియన్. గుమ్మటం లోపల అన్నిటికంటే పైన, మామూలుగా అయితే దేవుడి పేరు ఉండాల్సిన చోట, "ఫ్లోరెన్స్ బర్తలోమియో పని" అని తన పేరు చెక్కుకున్నాడు. రాజు డబ్బు, ఇటలీవాడి సంతకం. పాపం 1537లో అదే క్రాకోవ్ చౌకులో ఆయన్ని పొడిచి చంపేశారు. బరోక్ కూడా అంతే, సెయింట్ పీటర్ అండ్ పాల్ చర్చి జెస్యూట్లనే కేథలిక్ సన్యాసులు రోమ్‌లో తమ పెద్ద చర్చిని చూసి దించిన కాపీ. ముందు వరసగా నిలబడ్డ పన్నెండుమంది అపొస్తలులు కూడా ఇప్పుడు అసలువి కావు, నకళ్ళు. కాపీ ముందు కాపీలు. నాన్నగారికి "అన్నీ ఇంపోర్టెడ్" అని చెప్పేయ్ బ్రో, టెన్షన్ ఉండదు.

ఇటుకబట్టీ

మౌళి గారూ, మీ లెక్కన ప్రపంచంలో ఎవరికీ సొంత శైలి ఉండదు.

తెచ్చుకున్నది అక్కడికి వచ్చాక ఏమైందో కూడా చూడాలి కదా. ఫ్రాన్స్‌లో గోతిక్ అంటే నడి హాలు ఎత్తుగా లేపి, కప్పు బరువు గోడల్ని బయటికి తోసేయకుండా ఆకాశంలో వంతెనల్లాంటి కమానులు కట్టి పక్కకి దించుతారు. క్రాకోవ్‌లో ఆ కమానులు కట్టలేదు. నడి హాలుకీ పక్క వసారాలకీ మధ్య ఉన్న స్తంభాలనే వసారా వైపు మందంగా కట్టి, వసారా కప్పు దాటి పైకి లేపి, అవే ఊతగోడలయ్యేలా చేశారు. కెథెడ్రల్, మరియమాత చర్చి, కాజిమియెష్ పేటలో కార్పస్ క్రిస్టి, సెయింట్ కేథరిన్, డొమినికన్ల చర్చి అన్నిట్లోనూ ఇదే లెక్క. ఆర్కిటెక్చర్ పుస్తకాల్లో దీన్ని క్రాకోవ్ పద్ధతి అనే రాస్తారు. ఇటుకతో ఆ సన్నటి కమానులు కట్టడం కష్టం, ఆ మంచు దేశంలో వాటిని కాపాడుకోవడం ఇంకా కష్టం. చేతిలో ఉన్న సరుకుని బట్టి మేస్త్రి దారి మార్చుకున్నాడు.

కాజిమియెష్ మహారాజు కాలంలో (1333 నుంచి 1370) కట్టిన విస్లిత్సా చర్చి ఇంకో వింత. మామూలుగా మధ్యలో దారి, అటూ ఇటూ స్తంభాలు ఉంటాయి కదా, అక్కడ స్తంభాల వరస సరిగ్గా మధ్యలో ఉంటుంది, చర్చి రెండు సమాన భాగాలవుతుంది. స్తంభం నుంచి పక్కటెముకల్లా కమానులు విచ్చుకుని కప్పుని మోస్తాయి. ఆ రాజు 1349లో తనని ఎదిరించిన బరిచ్‌కా అనే ఫాదర్‌ని విస్తులా నదిలో ముంచి చంపించాడు, ఆ పాపపరిహారంగానే ఇలాంటి చర్చిలు కట్టించాడు అని తర్వాతి శతాబ్దపు చరిత్రకారుడు దుగోష్ రాశాడు. పరిహారమో, పేరు కోసమో, కట్టడం మాత్రం గట్టిది.

పాతగోడలు

ఇద్దరూ రాయీ ఇటుకా పట్టుకుని కొట్టుకుంటున్నారు, కొయ్య సంగతి ఎవరూ ఎత్తరేం? తమ్ముడూ, నీ ప్రశ్నకి నా సమాధానం దక్షిణాన కొండల దగ్గర ఉంది.

మావో పోల్స్కా ప్రాంతంలో పదిహేనో శతాబ్దం నుంచి నిలబడి ఉన్న కొయ్య చర్చిలు ఉన్నాయి. 2003లో యునెస్కో ఆరింటిని జాబితాలో చేర్చింది, డెంబ్నో, హాచూఫ్, బ్లిజ్నె, బినరోవా, లిప్నిత్సా మురొవానా, సెంకోవా. బలమైన దుంగల్ని అడ్డంగా ఒకదాని మీద ఒకటి పేర్చి, మూలల్లో గాడి కొట్టి ఒకదానిలో ఒకటి బిగిస్తారు. పైన నిట్టనిలువు కప్పు, దానికి పెంకులు కూడా చీల్చిన చెక్కవే, చేప పొలుసుల్లా ఒకదాని మీద ఒకటి ఎక్కి ఉంటాయి. ముందు బురుజు కింద వెడల్పు, పైకి పోయేకొద్దీ సన్నం, దానిది వేరే కట్టుబడి, దుంగలు కాదు, నిలువు స్తంభాల చట్రం. మీ నాన్నగారు చూడాల్సింది కప్పు. జనం కూర్చునే హాలు వెడల్పు, పీఠం ఉండే గది సన్నం, అయినా రెండింటికీ ఒకే కప్పు, ఒకే ఎత్తులో. అది కుదరాలని హాలు పై వరస దుంగల్ని ఆ సన్నటి గది గీతకి కలిపి లోపల పెట్టెలా కట్టారు. లోపలికెళ్ళి తల ఎత్తితే గోడ పైన అటూ ఇటూ చెక్క బీరువా పెట్టినట్టు ముందుకి పొడుచుకొచ్చి ఉంటుంది, అదే. గోతిక్ పేరు, గోతిక్ కోణం కమానులు గుమ్మాలకి ఉన్నాయి గానీ ఈ వడ్రంగం ఎవరి దగ్గరా దించింది కాదు.

డెంబ్నోలో లోపలి చెక్క మొత్తం మీద 1500 ప్రాంతంలో వేసిన రంగులు ఇంకా ఉన్నాయి. తోలు మీదో కాగితం మీదో బొమ్మ కత్తిరించి దాని మీద రంగు అద్దిన పని, పూలు, తీగలు, జింకలు, మళ్ళీ మళ్ళీ అదే అచ్చు. బీదవాళ్ళ పని అని తేలిగ్గా తీసేయొద్దు, పైకప్పు పలకల మీద ఎరుపూ ఆకుపచ్చా ఎంత తాజాగా ఉంటాయంటే నాకైతే అక్కడి నుంచి కదల బుద్ధి కాలేదు. చాలా చర్చిల చుట్టూ చిన్న చూరు దింపి నడవా కడతారు, దూరపు పల్లెల నుంచి ముందురోజు రాత్రే వచ్చి ఆదివారం పూజ దాకా తలదాచుకునేవాళ్ళ కోసం. వానకి కింది దుంగలు నానిపోకుండా కూడా అదే కాపాడింది.

సెంకోవా చర్చికి జరిగింది చెప్తే బాధేస్తుంది. 1914 శీతాకాలంలో యుద్ధరంగం సరిగ్గా దాని మీదకే వచ్చింది, సైనికులు చెక్కలు ఊడబీకి కందకాలకీ చలిమంటలకీ వాడేశారు. తర్వాత మరమ్మతు చేశారు, ఇప్పుడు చూస్తే ఆ గాయం తెలియదు.

తూర్పున లెమ్కోలు అనే కొండప్రాంతపు జనం కట్టుకున్న చర్చిలు వేరే జాతి. మూడు గదులు వరసగా, ఒక్కోదాని మీద ఉల్లిపాయ శిఖరం, లోపల విగ్రహాల బదులు పటాల గోడ. 2013లో పోలండ్‌వీ ఉక్రెయిన్‌వీ కలిపి పదహారు యునెస్కోలోకి వెళ్ళాయి. కానీ కట్టుకున్న లెమ్కోలని 1947లో ప్రభుత్వం ఊళ్ళకి ఊళ్ళే ఖాళీ చేయించి పడమరకి తోలేసింది, క్వ్యాతోన్ లాంటి చోట ఇప్పుడు రోమన్ కేథలిక్ పూజ జరుగుతుంది. మౌళీ, "ఎవరి శైలి" అని అడిగేటప్పుడు ఇది కూడా గుర్తుపెట్టుకో.

మేడమీద_మౌళి

కొయ్య సంగతి ఒప్పుకున్నాను అక్కా. ఇటాలియన్ల మాట మాత్రం అలాగే ఉంది.

పాతగోడలు

అలాగే ఉండనీ, క్రాకోవ్ చౌకు మధ్యలో బట్టల బజారు పైన చూశావా? 1555లో కాలిపోయాక పిట్టగోడ ఎత్తుగా లేపి, దానికి గూళ్ళు, చివర్లకి వంకీలు, మధ్యలో వెకిలి ముఖాలు పెట్టారు. చేసింది ఇటాలియన్లే. కానీ ఇటలీలో ఆ పిట్టగోడ అలా ఉండదు. ఇక్కడ దాని వెనక కప్పు లోపలికి వాలి దాక్కుని ఉంటుంది, పక్క ఇల్లు అంటుకుంటే మంట ఈ గోడ దగ్గర ఆగాలని. మంటకి అడ్డుగోడగా పుట్టింది, తర్వాత అలంకారమైంది. పోలిష్ పిట్టగోడ అనే పేరుతో చుట్టుపక్కల దేశాలకి కూడా వెళ్ళింది. ఆ కింది వరస కమానుల నడవా మాత్రం 1870లలో చేర్చింది, దాన్ని చూపించి రినైసాన్స్ అనకండి. లుబ్లిన్ వైపు, కాజిమియెష్ దొల్నీ లాంటి ఊళ్ళ చర్చిల్లో కప్పు లోపలి వైపు గారతో గీతలు, నక్షత్రాలు, హృదయాలు గీసి వల పరిచినట్టు చేశారు, బరువు మోసే పని వాటికి లేదు, ఉత్త అందమే. వచ్చిన ఇటాలియన్ల పిల్లలూ మనవలూ ఇక్కడే పుట్టి ఇక్కడి భాషలో పేర్లు మార్చుకున్నారు. ఇంకెన్ని తరాలు గడిస్తే ఊరివాళ్ళంటావు?

చలిదేశంలో_చిన్నోడు

ఇంత వస్తుందని అనుకోలేదు, అందరికీ థాంక్స్. నాన్నకి ఇటుక వరస సంగతి ఫోన్‌లో చెప్పాను, ఇప్పటికే మన బట్టీ ఇటుకలతో పోల్చడం మొదలెట్టారు. నేనుండేది వ్రోత్స్వాఫ్, ఇక్కడికి దగ్గర్లో ఒక రోజులో వెళ్ళిరాగలిగేది ఏముంది? నాన్నకి మోకాళ్ళ నొప్పులు, బురుజులెక్కలేరు.

సిలేసియా_సుబ్బడు

ష్విద్నిత్సా వెళ్ళండి, ఇంకేం ఆలోచించకండి. రైలుంది, మెట్లెక్కే పని లేదు.

అక్కడ శాంతి చర్చి అని ఒకటి ఉంది. కథ ఇది. కేథలిక్కులకీ ప్రొటెస్టెంట్లకీ మధ్య ముప్ఫయ్యేళ్ళ యుద్ధం 1648లో ముగిసింది, సిలేసియా, అంటే వ్రోత్స్వాఫ్ ఉన్న ఈ ప్రాంతం, ఆస్ట్రియా హాబ్స్‌బర్గ్ చక్రవర్తి చేతిలో ఉంది, ఆయన కేథలిక్, జనంలో చాలామంది లూథరన్లు, అంటే ప్రొటెస్టెంట్లు. ఒప్పందంలో భాగంగా వాళ్ళకి మూడంటే మూడు చర్చిలు ఇచ్చారు. షరతులు వింటే నవ్వొస్తుంది. ఊరి గోడ బయట, ఫిరంగి గుండు అందేంత దూరంలో కట్టాలి. రాయి వాడకూడదు, ఇటుక వాడకూడదు, కొయ్య, మట్టి, గడ్డి, ఇసుక మాత్రమే. బురుజు ఉండకూడదు, గంట ఉండకూడదు. ఏడాదిలో పూర్తవాలి. పడిపోవాలనే పెట్టిన షరతులు ఇవి.

వాళ్ళు ఏం చేశారు? జేబిష్ అనే వ్రోత్స్వాఫ్ ఆర్కిటెక్ట్‌ని పట్టుకున్నారు, ఆయన సైనిక కోటల ఇంజనీరు. ష్విద్నిత్సాలో 1656లో మొదలుపెట్టి 1657కల్లా పూజ మొదలెట్టేశారు. దూలాల చట్రం నిలబెట్టి, సందుల్లో గడ్డి కలిపిన మట్టి దట్టించారు. బయటి నుంచి చూస్తే పెద్ద ధాన్యపు కొట్టం. తలుపు తీస్తే అంతస్తుల మీద అంతస్తుల గ్యాలరీలు, రంగులు, బంగారం, ఏడు వేలకు పైగా మనుషులు పట్టే హాలు. ఆ మట్టిగోడ మూడు వందల అరవై ఏళ్ళు దాటి నిలబడి ఉంది. యావోర్‌లో ఉన్నది ఇంకాస్త ముందుది. మూడోది గ్వొగూఫ్‌లో, అది 1758లో కాలిపోయింది. మిగిలిన రెండూ 2001లో యునెస్కోలోకి వచ్చాయి. మీ నాన్నగారు కాంట్రాక్టరు కదా, మెటీరియల్ మీద ఇన్ని ఆంక్షలు పెట్టి ఏడాది డెడ్‌లైన్ ఇచ్చిన క్లయింటు గురించి ఆయన ఏమంటారో నాకు వినాలనుంది.

మేడమీద_మౌళి

బాగుంది గానీ అది పోలండ్ శైలి ఎలా అవుతుంది? కట్టినవాళ్ళు జర్మన్ మాట్లాడే లూథరన్లు, దేశం హాబ్స్‌బర్గ్‌లది. 1945లో సరిహద్దు జరిగింది కాబట్టి పోలండ్‌లో ఉంది.

సిలేసియా_సుబ్బడు

కాదు, నేనలా అనలేదు. దగ్గర్లో ఏముంది అని అడిగాడు, చెప్పాను. అయితే అది నిలబడటంలో వీళ్ళ చెయ్యి ఉంది. యుద్ధం తర్వాత జర్మన్లు వెళ్ళిపోయారు, లూథరన్లు గుప్పెడు మందే మిగిలారు, ఆ గుప్పెడు మందే చర్చిని నడుపుకొస్తున్నారు. రంగులు, కొయ్య, పాత ఆర్గన్ మరమ్మతులకి చాలా డబ్బు, చాలా ఏళ్ళు పెట్టారు. కట్టినవాడి జాతిని బట్టే మార్కులేస్తే ఈ దేశంలో సగం ఊళ్ళకి సున్నా వస్తుంది.

ఇటుకబట్టీ

దీనికి ఇంకో వైపు కూడా ఉంది. 1795 నుంచి 1918 వరకు పోలండ్ అనే దేశమే పటంలో లేదు, రష్యా, ప్రష్యా, ఆస్ట్రియా పంచుకున్నాయి. "మాకంటూ ఒక శైలి" అనే పట్టింపు బలంగా వచ్చింది సరిగ్గా అప్పుడే. రష్యన్ పాలకులు వార్సా నడిబొడ్డున డెబ్భై మీటర్ల గంటస్తంభంతో ఆర్థడాక్స్ కెథెడ్రల్ కట్టారు, 1912లో పూర్తయింది. ఇవతల పోలిష్ ఆర్కిటెక్టులు ఎర్ర ఇటుక గోతిక్‌ని మళ్ళీ తవ్వి తీసి, ఇదే మా నేల గొంతు అన్నారు. ద్జెకోన్‌స్కీ అనే ఆయన వార్సాలోనే ప్రాగా అనే పేటలో సెయింట్ ఫ్లోరియన్ చర్చి అలా కట్టాడు, రెండు సూది బురుజులతో. జాకొపానె కొండల్లో వీత్కియెవిచ్ అనే చిత్రకారుడు అక్కడి పల్లె ఇళ్ళ వడ్రంగం తీసుకుని దాన్నే జాతీయ శైలి అన్నాడు, యష్చురూఫ్కాలో ఆయన గీసిన చిన్న కొయ్య చర్చి ఉంది. స్వాతంత్ర్యం రాగానే 1920లలో ఆ రష్యన్ కెథెడ్రల్‌ని పడగొట్టేశారు, నిండా పాతికేళ్ళు కూడా నిలబడలేదు. నా మటుకు అది దండగ పని, కోపం అర్థమవుతుంది గానీ లోపలి మొజాయిక్‌లు ఏం పాపం చేశాయి. 1944లో జర్మన్లు సెయింట్ ఫ్లోరియన్‌ని పేల్చేశారు. అదీ పోయింది. మళ్ళీ కట్టారు.

వార్సా సెయింట్ జాన్ కెథెడ్రల్ కూడా అప్పుడే పోయింది. యుద్ధానికి ముందు దాని ముఖం పంతొమ్మిదో శతాబ్దంలో తగిలించిన ఇంగ్లిష్ వరస గోతిక్. జఖ్వతోవిచ్ అనే ఆర్కిటెక్ట్ దాన్ని తిరిగి కట్టేటప్పుడు అది వద్దని, వార్సా ఉన్న మజోవియా ప్రాంతపు ఇటుక గోతిక్ ఎలా ఉండేదో ఊహించి మెట్ల మెట్లుగా ఎక్కే ముఖం పెట్టాడు. అంటే నువ్వు ఇప్పుడు చూసే "మధ్యయుగపు" చర్చి ముఖం 1950ల నాటిది. పాత వార్సా మొత్తం అలాగే లేచింది, బెల్లొత్తో అనే చిత్రకారుడు వేసిన పద్దెనిమిదో శతాబ్దపు బొమ్మలు చూసుకుంటూ. ఇటుక ఎక్కడి నుంచి? చాలావరకు నువ్వుంటున్న వ్రోత్స్వాఫ్‌లో కూలిన, కూల్చిన ఇళ్ళ నుంచి రైళ్ళకెత్తి తెచ్చారు.

పాతగోడలు

క్రాకోవ్‌లో రెండో పూట ఖాళీ ఉంటే నోవా హూతా వెళ్ళు. 1949లో కమ్యూనిస్టు ప్రభుత్వం ఉక్కు కార్ఖానా కోసం కట్టిన కొత్త ఊరు, దేవుడు లేని ఊరు అని ప్లాన్‌లోనే చర్చి పెట్టలేదు. 1957లో స్థలం ఇచ్చారు, తర్వాత మాట తప్పి అక్కడ బడి కడతాం అన్నారు. 1960 ఏప్రిల్‌లో స్థలంలో పాతిన శిలువ పీకడానికి వస్తే మొదట అడ్డుపడింది ఆడవాళ్ళు, తర్వాత ఊరంతా పోలీసులతో కొట్లాటే. చివరికి 1967లో పని మొదలైంది, పదేళ్ళు పట్టింది, 1977 మేలో కార్డినల్ వొయ్తీవా ప్రతిష్ఠ చేశారు, మరుసటి ఏడాది పోప్ రెండో జాన్ పాల్ అయింది ఆయనే. పిత్షిక్ అనే ఆర్కిటెక్ట్ దాన్ని ఓడ ఆకారంలో గీశాడు, మధ్యలో డెబ్భై మీటర్ల తెరచాప స్తంభం లాంటి శిలువ. కూలీలు లేరు, సరుకు సరిగ్గా అందనివ్వలేదు, జనమే సెలవు రోజుల్లో వచ్చి కాంక్రీటు కలిపారు. బయటి గోడ నిండా నదుల్లో ఏరిన గులకరాళ్ళు, దేశమంతటి నుంచి జనం మోసుకొచ్చినవి, ఇరవై లక్షలు అంటారు. గోడ మీద చెయ్యి పెట్టి చూడమను నాన్నగారిని, రాయికీ రాయికీ మధ్య సిమెంటు ఒకలా ఉండదు, ఎన్ని చేతులు పడ్డాయో తెలిసిపోతుంది.

మౌళీ, శైలి శైలి అంటున్నావు కదా, కమ్యూనిస్టు కాలంలో ఈ దేశంలో మూడు వేలకు పైగా చర్చిలు లేచాయి, ప్రభుత్వానికి ఇష్టం లేకుండానే. ఒకదానితో ఒకటి పోలిక ఉండదు, ఒకటి గుడారం, ఒకటి ఓడ, ఒకటి ఫ్యాక్టరీ షెడ్డు. అందంగా ఉన్నవి కొన్నే.

మేడమీద_మౌళి

అది మాత్రం వాళ్ళదే, ఒప్పుకున్నాను. ఇటలీవాడు ఎవడూ రాలేదు. మరి లిహెన్ ఊళ్ళో ఆ పెద్ద చర్చి ఏంటక్కా? 2004లో అయిపోయింది, బురుజు 141 మీటర్ల పైన, 365 కిటికీలు, 52 తలుపులు, బంగారు గుమ్మటం. అది కూడా గర్వంగా చూపించాలా?

ఇటుకబట్టీ

లిహెన్ జోలికి వెళ్ళొద్దు. భక్తులు రూపాయి రూపాయి వేసి కట్టుకున్నారు, దాన్ని గౌరవిస్తాను, కట్టడాన్ని కాదు. ఏడాదిలో రోజులెన్నో అన్ని కిటికీలు పెడితే ఆర్కిటెక్చర్ అయిపోదు. వార్సాలో దైవకృప ఆలయం అంతకంటే నయం. 1791 రాజ్యాంగానికి మొక్కుగా 1792లో రాజు శంకుస్థాపన చేశాడు, దేశం పోయింది, పని ఆగింది, చివరికి తలుపులు తెరిచింది 2016లో. వార్సావాళ్ళు దాన్ని నిమ్మకాయ పిండేది అంటారు, గుమ్మటం చూస్తే కాదనలేం.

చలిదేశంలో_చిన్నోడు

సరే, నా ప్లాన్ ఇది. ఒక రోజు ష్విద్నిత్సా. క్రాకోవ్‌లో రెండు రోజులు, మొదటి రోజు ఆండ్రూ చర్చి, మరియమాత చర్చి, బట్టల బజారు పిట్టగోడ, వావెల్. రెండో రోజు పొద్దున నోవా హూతా. డెంబ్నోకి కారు అద్దెకి దొరికితేనే. మరియమాత చర్చిలో ఆ కొయ్య పీఠం ఎప్పుడు తెరుస్తారు?

పాతగోడలు

పీఠం తలుపులు మధ్యాహ్నం పన్నెండుకి పది నిమిషాల ముందు తీస్తారు, ఆ టైముకి లోపలుండు, టికెట్ ముందే తీసుకో, పూజ కోసం వచ్చేవాళ్ళ గుమ్మం వేరు, చూడ్డానికి వచ్చేవాళ్ళ గుమ్మం వేరు. తెరవక ముందు ఆ మూసిన తలుపుల బయటి వైపు కూడా చూడండి, వాటి మీదా బొమ్మలున్నాయి, చాలామంది అవి చూడకుండానే పోతారు. డెంబ్నో వెళ్తే చర్చి చిన్నది, లోపలికి తక్కువమందినే పంపుతారు, కాసేపు బయట నిలబడాల్సి వస్తుంది, నాన్నగారికి కూర్చోడానికి ఏదైనా పట్టుకెళ్ళు. లోపల ఫోటోలు తీయొచ్చో లేదో గుమ్మం దగ్గరే అడుగు.